పన్నెండో నంబర్ టేపు

పోయిన నెలలో ఒక ఆదివారం పొద్దున్నే అన్న ఫోన్ చేశాడు. "టేపులకి బూజు పడతా ఉంది అబ్బయ్యా, ఒకసారి వచ్చిపోతావా" అన్నాడు. ఏ టేపులు అని నేను అడగలేదు. తిరుపతి బైరాగిపట్టెడలో ఆయన ఇంటి మిద్దె మీద గదిలో, ఇనుప బీరువా అడుగు అరలో, రెండు అట్టపెట్టెల నిండా మినీ డీవీ క్యాసెట్లు ఉంటాయి. ఒక్కోటి అగ్గిపెట్టె కంటే కొంచెం పెద్దది, గంటసేపు బొమ్మ పడుతుంది. వాటి మీద నీలం ఇంకుతో నంబర్లు రాసింది నేనే, ఇరవై ఏళ్ళ కింద. పన్నెండో నంబర్ కూడా ఆ పెట్టెల్లోనే ఉందని నాకు తెలుసు. బండి తీసేటప్పుడు నా ధ్యాసంతా దాని మీదే ఉంది.

అన్న అంటే నాకు తోడబుట్టినవాడు కాదు. 2004లో నేను డిగ్రీ చివరి సంవత్సరం చదువుతూ, గాంధీ రోడ్డు పక్క సందులో ఒక స్టూడియోలో పెళ్ళి వీడియోలకి లైటు పట్టుకునే పనికి పోయేవాణ్ణి. అన్న అక్కడికి బ్యాటరీలు అద్దెకు తీసుకోవడానికి వచ్చేవాడు. డాక్యుమెంటరీలు తీస్తాడని స్టూడియోలో అందరికీ తెలుసు, కానీ అవి ఎవరు చూస్తారో, ఎక్కడ వేస్తారో ఎవరికీ తెలియదు. ఒకరోజు నన్ను చూసి "పెళ్ళికూతురి ముఖం మీద లైటు వేస్తావు, సరే. వంటాయన ముఖం మీద ఎప్పుడైనా వేసినావా?" అని అడిగాడు. ఊరికే అడిగినట్టే అడిగి, బ్యాటరీ సంచిలో వేసుకొని వెళ్ళిపోయాడు. ఆ తర్వాతి పెళ్ళిలో, తెల్లవారుజామున మూడింటికి, నేను లైటు పట్టుకొని వంటశాల వైపు పోయి నిలబడ్డాను. వంటాయన పెద్ద గుండిగ పక్కన గోనెసంచి మీద కూర్చొని, అరచేతిలో సాంబారు వేసుకొని రుచి చూస్తున్నాడు. అంతమందికి వండినాయన అప్పటికి ఇంకా ఏమీ తినలేదు. నెల తిరక్కముందే నేను అన్న దగ్గర చేరాను.

మా నాయనకి ఇది అస్సలు అర్థం కాలేదు. ఆయన దృష్టిలో డాక్యుమెంటరీ అంటే సినిమా మొదలవకముందు హాల్లో వేసే న్యూస్ రీలు. స్వాతంత్ర్యం వచ్చినాక 1948లో పెట్టిన ఫిలిమ్స్ డివిజన్ వాళ్ళు తీసి పంపేవాళ్ళు, హాలు వాళ్ళు తప్పనిసరిగా వేయాల్సిందే. ఆనకట్టలు, మంత్రులు, పంటలు, వెనకాల బరువైన గొంతు ఒకటి. "అది గవర్నమెంటోళ్ళు తీస్తారు గదరా, నువ్వేం తీస్తావు" అన్నాడు మా నాయన. నేను జవాబు చెప్పలేకపోయాను. నాకే అప్పటికి సరిగ్గా తెలియదు.

అన్న పద్ధతి వేరు. ఏ ఊరికి పోయినా మొదటి మూడు నాలుగు రోజులు కెమెరా సంచిలో నుంచి బయటికి వచ్చేది కాదు. ఊరికే పోవడం, కూర్చోవడం, వాళ్ళు సంగటి పెడితే తినడం, చెనిక్కాయలు ఒలుస్తుంటే మనమూ నాలుగు ఒలవడం. నాకు మొదట్లో చాలా విసుగ్గా ఉండేది. కెమెరా ఆయన సొంతం కాదు, అద్దె రోజుకింత అని నడుస్తూ ఉంటే ఈయన పాటికి ఈయన ముసలాళ్ళతో వానల గురించి మాట్లాడతాడేమిటని టెన్షన్ పడేవాణ్ణి. అయితే ఐదోరోజు కెమెరా బయటికి తీసేసరికి ఎవరూ చొక్కా సర్దుకునేవాళ్ళు కాదు, పని ఆపేవాళ్ళు కాదు. మేము అక్కడ ఉన్నామనే మర్చిపోయేవాళ్ళు.

నేను చేరినాక తీసిన మొదటిది శ్రీకాళహస్తిలో. కలంకారీ అంటే అందరూ బొమ్మ గీసే ఆయన్ని తీస్తారు. వెదురు పుల్లకి ఉన్ని చుట్టి, బెల్లం నీళ్ళలో ఇనుప ముక్కలు నానబెట్టి చేసిన నల్లటి కసిమిలో ముంచి, ఒక్క గీత కూడా తప్పకుండా రాముణ్ణో కృష్ణుణ్ణో గీస్తుంటే చూడ్డానికి బాగుంటుంది నిజమే, నేనూ నోరు తెరుచుకొని చూశాను. అన్న మాత్రం ఆ గుడ్డ వెంట పోయాడు. కరక్కాయ పొడి, పాలు కలిపి నానబెట్టేది ఎవరు, పటిక పూసినాక ఉడకబెట్టేది ఎవరు, మళ్ళీ మళ్ళీ ఉతికేది ఎవరు అని. రంగు నిలబడాలంటే పారే నీళ్ళలో ఉతకాలి. స్వర్ణముఖిలో అప్పుడు నీళ్ళు సన్నగా, ఒక పాయలా మాత్రమే ఉండేవి. ఒకామె మోకాళ్ళ లోతు గుంట తవ్వుకొని, అందులో గుడ్డని అటూ ఇటూ ఆడించి, ఇసుక మీద పరిచేది. ఆరే లోపల మళ్ళీ నీళ్ళు చల్లేది. ఆమె చేతివేళ్ళ సందులు తెల్లగా పగిలి ఉండేవి. అన్న ఆ వేళ్ళ మీద కెమెరా చాలాసేపు పెట్టాడు, నేను మైకు పట్టుకొని నీళ్ళ చప్పుడు పట్టాను.

ఆ షాట్లలో ఆమె వెనకాల ఏటిగట్టుకి అవతల పెద్ద గోపురం కనిపిస్తుంది. శ్రీకృష్ణదేవరాయలు 1516లో కట్టించింది. మేమేమీ గోపురం కోసం ఫ్రేము పెట్టలేదు, అది అక్కడ ఉంది కాబట్టి పడింది. 2010 మే 26 రాత్రి అది కుప్పకూలింది. పొద్దున టీవీలో చూసి అన్నకి ఫోన్ చేస్తే ఆయన చాలాసేపు మాట్లాడలేదు. ఇప్పుడు అక్కడ కొత్త గోపురం ఉంది. మా టేపులో మాత్రం పాతదే ఉంది, ముందు ఆమె వంగి గుడ్డ ఉతుకుతా ఉంటుంది.

పన్నెండో నంబర్ టేపు ఆ తర్వాతి సంవత్సరంది, 2005 ఎండాకాలం.

మా చిత్తూరు వైపు వాళ్ళకి భారతం అంటే పుస్తకం కాదు, ఉత్సవం. ద్రౌపదమ్మ గుళ్ళు, ధర్మరాజుల గుళ్ళు ఉన్న ఊళ్ళలో పద్దెనిమిది రోజులు జరుగుతుంది. మధ్యాహ్నం హరికథ, రాత్రంతా వీధినాటకం. బకాసురుడికి బండెడు అన్నం పోయే రోజు ఒకటి, అర్జున తపస్సు మాను ఎక్కే రోజు ఒకటి. ఆఖరి రోజు పొద్దున మట్టితో ఊరంత దుర్యోధనుణ్ణి నేల మీద పడుకోబెట్టి చేస్తారు, భీముడు వాడి తొడ పగలగొడితే ద్రౌపది జుట్టు ముడేసుకుంటుంది. ఆ సాయంత్రం నిప్పులగుండం. చిన్నప్పుడు మా అమ్మమ్మ వాళ్ళ ఊళ్ళో చాప చంకన పెట్టుకొని పోయి ముందు వరసలో పడుకొని చూసిన వాణ్ణి నేను. నిద్రపోతే దుశ్శాసనుడు అరిచినప్పుడు ఉలిక్కిపడి లేచేవాళ్ళం.

గంగాధర నెల్లూరు దాటినాక లోపలికి ఉండే ఒక పల్లెలో ద్రౌపది వేషం కట్టే ఒకాయన ఉన్నాడని అన్నకి ఎవరో చెప్పారు. ఊరంతా ఆయన్ని మామ అనే పిలిచేది, మేమూ అట్లే పిలిచాం. అప్పటికి ఆయనకి యాభై దాటి ఉంటాయి. పగలు బెల్లం గానుగ దగ్గర పని. చెరుకు రసం పెద్ద పెనంలో మరుగుతుంటే, ఎండిన చెరుకు పిప్పి పొయ్యిలోకి తోస్తూ, పైన తేలే మడ్డి తీస్తూ, పాకం వచ్చిందా లేదా అని నీళ్ళలో ఒక చుక్క వేసి వేళ్ళతో ఉండ చేసి చూసేవాడు. ఆ వేళ్ళతోనే రాత్రి ముఖానికి అర్దళం అనే పసుపుపచ్చ రంగు పూసుకునేవాడు.

ఆ వేషం కట్టడం నాకు ఇప్పటికీ కళ్ళ ముందు ఉంది. బడి వరండాలో ఒక బల్బు కింద, చేతిలో పట్టేంత అద్దం ముక్క గోడకి ఆనించి, ముందు గడ్డం రెండుసార్లు గీసుకునేవాడు. ఆముదం రాసి, దాని మీద పసుపుపచ్చగా అర్దళం మెత్తి, అది ఆరేదాకా ఎవరితోనూ మాట్లాడేవాడు కాదు. తర్వాత అగ్గిపుల్లతో కాటుక. కనుబొమ్మలు గీసేటప్పుడు ఊపిరి బిగబట్టేవాడు. పొయ్యి దగ్గర కాలిన మచ్చ ఒకటి ఎడమ మణికట్టు మీద ఉండేది, దాన్ని గాజులతో కప్పేసేవాడు. చెక్కతో చేసి అద్దంపెంకులు అతికించిన భుజకీర్తులు కట్టుకొని లేచి నిలబడితే, అప్పటిదాకా "మామా, బీడీ ఉందా" అని అడిగినవాళ్ళే చెప్పులు విప్పి దూరంగా జరిగేవాళ్ళు. నేనూ జరిగాను. ఎందుకు జరిగానో చెప్పలేను.

ఊరి గోడల మీద భారతం కరపత్రాలు అతికించి ఉండేవి. దాతల పేర్లు పెద్ద అక్షరాలతో, పెద్దమనుషుల ఫోటోలు పైన వరసగా. కింద ఒక మూల "నాటక బృందంచే" అని ఒక లైను. ముప్పై ఏళ్ళకి పైగా ద్రౌపది కట్టిన మనిషి పేరు అందులో లేదు. అర్జున తపస్సు రోజు పేపర్ల వాళ్ళు వచ్చి మాను ఫోటో తీసుకొని పోయారు. మామ పేరు ఎవరూ అడగలేదు. అన్న ఆ కరపత్రాన్ని ఒకటి గోడ నుంచి జాగ్రత్తగా ఊడదీసి మడిచి జేబులో పెట్టుకున్నాడు. అది ఇప్పటికీ టేపుల పెట్టెలోనే ఉంది.

ఏడోరోజు మధ్యాహ్నం మామ తనంతట తానే మాట్లాడాడు. గానుగ దగ్గర పని కాస్త తెరిపిచ్చింది, బనీనుతో పొయ్యి పక్కనే కూర్చొని ఉన్నాడు. అన్న కెమెరా ఆన్ చేసి పక్కన పెట్టి తానూ నేల మీదే కూర్చున్నాడు. నేను పొడుగాటి కర్రకి మైకు కట్టి ఆయన తల మీదుగా పట్టుకున్నాను. నలభై నిమిషాలు చెప్పాడు. వాళ్ళ నాయన ద్రౌపది కట్టేవాడంట, గొంతు పోయినాక పదహారేళ్ళ పిల్లాణ్ణి తోసినారంట. వస్త్రాపహరణం రాత్రి చీర మీద చీర లాగాలంటే అన్ని చీరలు ఎక్కడివి, ఊళ్ళో ఆడోళ్ళు తలా ఒకటి ఇచ్చేవాళ్ళంట. ఆ తర్వాత వాళ్ళమ్మ గురించి చెప్పాడు. హెడ్‌ఫోన్‌లో ఆ మాటలు వింటుంటే నాకు కళ్ళు తిరిగినట్టయింది, ఎండ వల్ల కాదు.

సాయంత్రం అన్న "ఆ టేపు వెనక్కి తిప్పి పెట్టు, రాత్రి ఒకసారి చూద్దాం" అన్నాడు. తిప్పాను. ఆ క్యాసెట్టుకి వెనకవైపు చిన్న బుడిపె ఒకటి ఉంటుంది, పక్కకి జరిపితే మళ్ళీ దాని మీద రికార్డు కాదు. టేపు తీసిన వెంటనే ఆ బుడిపె జరపడం, నంబర్ రాయడం నా పని. ఆ పొద్దు ఎవరో భోజనానికి పిలిచారు, పోయాను.

రాత్రి వస్త్రాపహరణం. జనరేటర్ ట్యూబ్‌లైట్ల వెలుతురు ఆకుపచ్చగా పడుతోందని కెమెరాలో రంగు సరిచేసుకోవడానికి నేను తెల్లకాగితం పట్టుకొని ముందు నిలబడి ఉన్నాను. దుశ్శాసనుడు వచ్చేశాడు, మద్దెల ఊపు అందుకుంది, అన్న చెయ్యి చాపి "టేపు, టేపు" అన్నాడు. సంచిలో చెయ్యి పెట్టి, పేరు రాయని టేపు ఒకటి చేతికి తగిలితే కొత్తదనుకొని ఇచ్చాను.

తెల్లారి సత్రంలో కూర్చొని చూస్తే తెలిసింది. నలభై నిమిషాల్లో ముప్పై నాలుగు నిమిషాలు పోయాయి. మధ్యాహ్నం ఆయన చెప్పిన మాటల మీద రాత్రి ఆయనే వేసిన నాటకం పడింది. ఆఖరి ఆరు నిమిషాలు మాత్రం మిగిలాయి.

అన్న తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేదని ఆ రోజంతా అనుకున్నాను. ఒక నోటుపుస్తకం ఇచ్చి "విన్నది విన్నట్టు రాయి, ఆయన మాటల్లోనే" అన్నాడు. నాలుగు పేజీలు రాశాను. మామ దగ్గరికి పోయి జరిగింది చెప్పి, మళ్ళీ ఒకసారి చెప్తారా అని అడిగాం. ఆయన ఒప్పుకున్నాడు పాపం, కూర్చున్నాడు, మొదలుపెట్టాడు. కానీ వాళ్ళమ్మ దగ్గరికి వచ్చేసరికి ఆగిపోయాడు. "చెప్పేసినా గదప్పా ఒకసారి" అన్నాడు. అన్న వెంటనే కెమెరా ఆపేశాడు. ఇంకొకరైతే కాస్త బతిమాలేవాళ్ళు. సినిమాకి అదే ప్రాణం అని నాకే అనిపించింది. అన్న ఆపేసి, "టీ తాగుదామా మామా" అన్నాడు.

ఎడిటింగ్‌కి అన్న ఒక్కడే చెన్నై పోయాడు. ఆ టేపు నేను మళ్ళీ చూడలేదు, చూడబుద్ధి కాలేదు. నెలన్నర తర్వాత సినిమా తెచ్చాడు, నలభై ఐదు నిమిషాలు. ఒక ఛానెల్ వాళ్ళకి చూపిస్తే ఇందులో పెద్ద పేరున్న కళాకారుడు ఎవరూ లేరు కదా అన్నారట. అన్న మాట్లాడకుండా డీవీడీ వెనక్కి తీసుకొని, అద్దె ప్రొజెక్టర్ ఒకటి మాట్లాడుకొని, నేరుగా ఆ పల్లెకి పోదాం పద అన్నాడు.

బడి గోడకి తెల్లపంచె కట్టి వేశాం. ఆడోళ్ళు, పిల్లలు ముందు, మగోళ్ళు వెనక, మామ వేపచెట్టు మొదట్లో చీకట్లో కూర్చున్నాడు. సభలో ద్రౌపది చేతులెత్తి కృష్ణుణ్ణి పిలుస్తోంది, చీర మీద చీర వస్తోంది, మద్దెల చెవులు పగిలేలా మోగుతోంది, అంతలో ఒక్కసారిగా చప్పుడంతా ఆగిపోయి, ఎండలో బనీనుతో, పొయ్యి పక్కన మామ. సగంలో నుంచి మొదలైన మాట: "...మాయమ్మ చీర అది. అన్నిటికన్నా లోపల అదే కట్టుకుంటా. మిగతావన్నీ లాగేస్తారు, దాని దాకా రాదు."

నేను చేసిన తప్పుని అన్న ఒక్క ఫ్రేము కూడా మార్చకుండా అట్లే పెట్టాడు. టేపు మీద ఎట్లా అతుక్కుందో అట్లే. ముందు వరసలో ఒక ముసలామె "అయ్యో, ఆ నీలం చీర నాదే" అంది పక్కామెతో. ఇంకొకామె ఇంకో చీర చూపించింది. తెర మీద లాగుతున్న చీరలన్నీ ఎవరివి ఏవో వాళ్ళకి తెలుసు. ఆఖర్లో, నల్లటి తెర మీద, మామ పేరు ఒక్కటే, ఇంటిపేరుతో సహా, తెలుగులో వచ్చింది. వెనకాల మగోళ్ళలో ఎవరో ఈల వేశారు. మామ లేచి ఇంటికి పోయాడు. కాసేపటికి వాళ్ళ పిల్ల వచ్చి, నాయన అన్నానికి రమ్మంటున్నాడు అని మమ్మల్ని పిలిచింది.

ఆ సినిమా తర్వాత కొన్ని కాలేజీల్లో వేశాం, విశ్వవిద్యాలయంలో ఒకసారి వేశాం. అంతకు మించి పెద్దగా పోలేదు. నాకు ఆ బాధ ఉంది, ఇప్పటికీ ఉంది. అన్నకి ఎప్పుడూ ఉన్నట్టు కనబడలేదు.

నేను తర్వాత పెళ్ళి చేసుకొని, బతుకుతెరువుకి వేరే ఉద్యోగంలో పడ్డాను. అన్న ఇంకో పదేళ్ళు తీశాడు. ఎక్కడ చూసినా ఆయన కళ్ళు పక్కకే పోయేవి, బొమ్మ దగ్గర కాకుండా బొమ్మని మోసుకొచ్చినవాళ్ళ దగ్గరికి. మామ పోయి ఐదారేళ్ళవుతోంది. వాళ్ళ పిల్ల ఇప్పుడు చిత్తూరులో ఉంటోంది, తనకి పెళ్ళీడు కొడుకు ఉన్నాడు. ఆమె ఫోన్ చేసి "నాయన గొంతు ఉంటే కొంచెం ఫోన్లోకి పంపిస్తావా అన్నా" అని అడిగిందట. అందుకే అన్న బీరువా తెరిచాడు. బూజు కనబడింది.

పాత కెమెరా ఇంకా ఆడుతుంది. అద్దెకి ఇచ్చినాయనే దాన్ని తర్వాత అన్నకి అమ్మేశాడు. దాంట్లోని బొమ్మని కంప్యూటర్‌లోకి ఎక్కించే తీగ పెట్టుకునే రంధ్రం కొత్త లాప్‌టాప్‌లకి రాదు, అన్న దగ్గర మూలన పడి ఉన్న డెస్క్‌టాప్‌కి ఉంది. గంట టేపు ఎక్కాలంటే గంట పడుతుంది, తొందరపెట్టే దారి లేదు. మూత తెరిచి మెత్తటి గుడ్డతో తుడిచి, ఒక్కోటీ పెట్టి, కూర్చోవాలి. అన్నకి ఒక కంటికి ఆపరేషన్ అయింది, స్క్రీన్‌కి దగ్గరగా జరిగి చూస్తాడు. కాళహస్తి టేపులు ముందు ఎక్కించాం. ఆమె, ఆమె వేళ్ళు, వెనకాల గోపురం.

పన్నెండో నంబర్ సాయంత్రం పెట్టాం. వదినె ఊరిబిండి, దోసెలు తెచ్చి పెట్టి, తానూ కూర్చుంది. అక్కడక్కడా బొమ్మ గళ్ళుగళ్ళుగా విరిగింది కానీ గొంతు బాగుంది. సభ, చీరలు, మద్దెల. ముప్పై నాలుగో నిమిషం దగ్గర స్క్రీన్ ఒక్క క్షణం నీలంగా అయిపోయి, మామ వచ్చాడు. బనీను, పొయ్యి, మాయమ్మ చీర అది. సినిమాలో అన్న అక్కడ ఆపేశాడు. టేపులో ఇంకా ఉంది. మామ కాసేపు ఊరికే మంట వైపు చూశాడు, పిప్పి ఒక గుప్పెడు తోశాడు, మడ్డి తీసే జల్లిగరిటె పెనం అంచుకి కొట్టి దులిపాడు. తర్వాత తల పైకెత్తాడు. కెమెరా వైపు కాదు, దాని పక్కకి, పైకి.

"నైనా, పొద్దట్నుంచీ పట్టుకొని నిలబడుకోని ఉండావు, చెయ్యి నొస్తా ఉంటుంది. ఆ కర్ర కొంచెం దించు" అన్నాడు.

అన్న నా వైపు చూశాడు. స్క్రీన్ మీద, ఫ్రేము పై అంచు నుంచి, నా మైకు మెల్లగా కిందికి దిగి మామ చెంప పక్కన ఆగింది.